ప్రసూన పైట అంచున

నేను ఒక చిక్కుడు గింజంత మైకును. ఏ ఊరి కర్మాగారంలో పుట్టానో నాకే తెలియదు. ఊహ తెలిసేసరికి హైదరాబాదులో, ఒక షాపింగ్ ఛానల్ స్టూడియోలో, ప్రసూన పైట అంచున ఉన్నాను.

ప్రసూనది నల్లగొండ. అక్కడి బట్టల దుకాణంలో చీరలు చూపించేది. మాటతీరు నచ్చి ఛానల్ వాళ్లు పిలిపించుకున్నారు. మిక్సీలు, దుప్పట్లు, రాళ్ల గాజులు, ఏది చేతికిస్తే అది అమ్మింది. పక్కింటివాళ్లు చెబితే నమ్మని మనుషులు టీవీలో నవ్వుతూ చెబితే ఇట్టే నమ్ముతారు. ప్రసూనను మరీ నమ్మారు.

ఒక మధ్యాహ్నం మోకాళ్ల నొప్పుల నూనె అమ్ముతుండగా, జనగామ నుంచి యాకమ్మ అనే పెద్దావిడ ఫోన్ చేసింది. కార్యక్రమం లైవ్‌లో నడుస్తోంది.

"బిడ్డా, నువ్వు చెప్పినవని తెప్పించుకున్న. రాస్తే బొబ్బలొచ్చినయి. మంచం దిగలేకపోతున్న. నువ్వు రాసుకున్నవా ఎప్పుడన్న?"

"లైన్ కట్ చేస్తున్నాం, ఆఫర్ చెప్పు" అని నిర్మాత కార్తికేయ అద్దం అవతలి గదిలోంచి ప్రసూన చెవిలోని ఇయర్‌ఫోన్‌లో గొణిగాడు.

"కట్ చెయ్యొద్దు సార్" అంది ప్రసూన, అందరికీ వినబడేలా. "లేదమ్మా, నేనెన్నడూ రాసుకోలే. ఇగ మీరూ రాయకండి, డాక్టరుకు చూపించుకోండి. టీవీ చూస్తున్నోళ్లు ఎవ్వరూ ఈ నూనె కొనకండి."

మైకు ఆపేయమని నిర్మాత అద్దం అవతల నుంచి అరిచాడు. సౌండ్ చూసే ఇద్రీస్ చేతులు కట్టుకుని కూర్చున్నాడు. "ఆమె మాట అయిపోనీండి సార్" అన్నాడు.

ఆ సాయంత్రమే ఇద్దరి ఉద్యోగాలూ పోయాయి.

"ఇక ఏ తెర మీదా నీ మొహం కనిపించదు" అన్నాడు కార్తికేయ.

"నా మొహం నాతోనే ఉంటది సార్" అని నన్ను తీసి అతని బల్ల మీద పెట్టి వెళ్లిపోయింది. మర్నాడు జనగామ వెళ్లి యాకమ్మను ఆసుపత్రికి తీసుకెళ్లిందట. పుండ్లు మానడానికి నెల పట్టిందట.

తర్వాత ఛానల్ పాత సామాను అమ్మేసినప్పుడు ఇద్రీస్ నన్ను కొని, తెగిన తీగకు టేపు చుట్టి, ప్రసూనకు తెచ్చిచ్చాడు. ఇప్పుడామె మలక్‌పేటలో అద్దె గదిలో కూర్చుని, ఫోన్ లైవ్‌లో నేత చీరలు అమ్ముతోంది. చూసేవాళ్లు కొద్దిమందే. నిన్న ఒకావిడ రంగు పోతుందా అని అడిగింది.

"మొదటి ఉతుకుల కొంచెం దిగుతది అక్కా. తెలిసే కొనుక్కోండి."

లైవ్ అయ్యాక, ఫోన్ పక్కన పెట్టి ఇద్రీస్ తల పట్టుకున్నాడు. "గిట్ల చెప్తే ఎవరు కొంటరక్కా?"

"కొనకున్నా చెప్తా" అంది ప్రసూన, ఇంకో చీర మడత విప్పుతూ.