కొట్టడం మరిచిన చప్పట

సెన్సారు అధికారి మంచినీళ్ల గ్లాసు నా వైపు జరిపాడు. అంటే చేదు మాట రాబోతోందన్నమాట.

"సినిమా బావుందమ్మా. ఆ పాట ఉన్న పదకొండు నిమిషాల బొమ్మ మాత్రం కోసెయ్యండి. ఇప్పుడే సంతకం పెట్టేస్తా."

ఆ పాటలో బూతుల్లేవు. రోడ్డు కోసం కూలగొట్టిన సందుల పేర్లు, వరసగా, అంతే. పాడింది బొంగురు; గొంతును బట్టి ఆ రాక్ గాయనికి అందరూ పెట్టిన పేరది. రాక్ బ్యాండ్లు మెకానిక్ షెడ్లలో వాయించుకునే రోజుల నుంచీ వాళ్ల గురించి పేపర్లో రాస్తున్నది నేను. కెమెరా మోసింది మా తమ్ముడు. ఆరేళ్లు చెప్పులరిగేలా తిరిగి తీశాం. ఈలోగా బొంగురుకి గొంతు ఆపరేషనై మాట పోయింది. ఆమె గొంతు ఈ భూమ్మీద మా టేపులో తప్ప ఇంకెక్కడా లేదు.

మెట్లు దిగుతూ తమ్ముడన్నాడు, "కోసేద్దామక్కా. మిగతాదైనా బతుకుతుంది."

"తల తీసేసి మొండేనికి పౌడరు రాస్తావా?"

"ఆ ముక్క ఎలాగూ అవకతవకేగా. నోరొక దారి, మాటొక దారి."

ఆ పుణ్యం వాడిదే. మాకు కెమెరా వేరు, టేపు వేరు. షాటుకి ముందు కెమెరా ఎదుట ఒక్క చప్పట కొడితే, తర్వాత ఆ చప్పుడు ఆనవాలు పట్టుకుని రెండూ కలుపుతాం. ఆ రోజు బొంగురు నోరు తెరిచేసరికి వీడు చప్పట కాదు, తన పేరే మరిచాడు. ఎంత జరిపినా పెదవులు ముందు పరిగెత్తేవి, పాట వెనక కుంటేది.

బొంగురు ఇంటికెళ్లి సంగతి చెప్పాం. ఆమె పలక మీద రాసింది: "బొమ్మ కోసెయ్. పాట ఉంచు. నేనొస్తా."

బొమ్మ కోశాం, సంతకం పడింది. తొలి ఆట రోజు హాలు నిండింది. అధికారి ముందు వరసలో కూర్చున్నాడు. సినిమా సగంలో తెర ఉత్త తెల్లగా అయిపోయింది.

"కరెంటు బిల్లు కట్టలేదేమో," ఎవరో అన్నారు. నవ్వులు.

బొంగురు లేచి ఆ తెల్లటి వెలుగులో నిలబడింది. తమ్ముడు నడవలో కెమెరా నిలబెట్టి, దాని ముందుకొచ్చి, ఒక్క చప్పట కొట్టాడు. టేపు మొదలైంది. ఆమె పెదవులు కదిలాయి. వెంట్రుకవాసి తేడా లేదు. ఒక్కో సందు పేరు వినబడుతుంటే హాల్లో ఉన్న ఆ సందువాళ్లు ఒక్కొక్కరే లేస్తున్నారు.

అధికారి నా దగ్గరకొచ్చాడు. "కోసెయ్యమన్నాగా?"

"కోశాం సార్. తెర మీద ఏమన్నా కనిపిస్తోందా?"

"మరి ఆవిడ?"

"ఆవిడ సినిమా కాదు, మనిషి. మనిషిని కొయ్యడానికి మీ దగ్గర కాగితం ఉందా?"

ఆయన చూపు నడవలో ఆన్‌లో ఉన్న కెమెరా మీద పడింది. "దీన్ని కూడా తీస్తున్నారా?"

"పదకొండు నిమిషాలు ఖాళీ అయ్యాయిగా సార్."