శంకరవ్వ గోడ మీది ముఖం

కొబ్బరినూనెలో కలిపిన బొగ్గుపొడిని బెంజమిన్ చెంపలకు, మెడకు, చెవుల వెనక్కు రాసుకుంటున్నాడు. చేతి అద్దంలో డెబ్బైకి దగ్గరపడిన ముఖం మెల్లగా మాయమై, గని కార్మికుడొకడు తేలుతున్నాడు.

"గీసారి ఎట్ల సస్తున్నవ్?" చాయ్ గ్లాసు అందిస్తూ అడిగింది భార్య గ్రేస్.

"గీసారి సచ్చుడు లేదు. ఉత్తగ నడుసుడే."

"అయ్యో, ముసలోనివైనవని సావు గూడ ఇస్తలేరా!"

బతుకుతెరువుకు బెంజమిన్ బొగ్గుగనుల ఊరు మందమర్రిలో గోడలకు సున్నం వేసేవాడు. మనసుకోసం విద్యాధర్ తీసే డాక్యుమెంటరీల్లో నటించేవాడు. గని ప్రమాదాలు, లాఠీదెబ్బలు, కెమెరా పోలేని చోట జరిగినవన్నీ బెంజమిన్ ఒంటిమీదే చూపించేవారు. ఆ రోజుల్లో వాడల్లో రెండు గుంజలకు దుప్పటి కట్టి సినిమా వేసేవారు. దానిమీద చచ్చిపోయిన బెంజమిన్ దాని వెనక నుంచే బీడీ కాలుస్తూ వస్తే పిల్లలు కేకలేసి పరుగెత్తేవారు. సినిమా చూసి నినాదాలిస్తున్న పెద్దవాళ్లు వాటిని ఆపి, బతికే ఉన్నాడా అని అతని భుజం తడిమి చూసేవారు.

ఇవాళ షూటింగు శంకరవ్వ ఇంట్లో. ఓపెన్‌కాస్టు గని కోసం వాడ ఖాళీ అవుతోంది. ఆమె చెన్నూరులో కూతురింటికి వెళ్లిపోతోంది. గోడ మీద దండ వేసిన ఫొటో ఉంది. అది ముప్పై ఏళ్ల కిందట గని కప్పు కూలి చనిపోయిన ఆమె భర్త రాజం ఫొటో అని వాడంతా అనుకుంటుంది. రాజానికి ఫొటో ఒక్కటీ లేదు. సినిమాలో అతని వేషం కట్టిన బెంజమిన్ ఫొటోనే ఆమె అడిగి తీసుకుంది.

"అన్నా, ఆ ఫొటో తియ్యాలె. అది నువ్వేనని తెరమీద కనబడితే మన సినిమా మొత్తం అబద్ధమంటరు," అన్నాడు విద్యాధర్.

బెంజమిన్ స్టూలెక్కాడు.

"దిగు తమ్మీ. జర దిగు," అంది శంకరవ్వ. "అది నువ్వేనని నాకెరుకనే. ఆయన ముక్కు గట్లుండదు. కాని గిన్నేండ్ల సంది దానితోనే మాట్లాడిన. కండ్లు మూసుకుంటే నీ మొకమే వస్తది, ఆయనది వస్తలే. అదిగూడ తీస్తే నాకెవలుంటరు?"

బెంజమిన్ దిగాడు. ఎన్నో చావులు నటించాడు గానీ, ఒక మనిషి ముఖం తనవల్ల చెరిగిపోయిందని ఎన్నడూ అనుకోలేదు.

"నేను తియ్య, విద్యాధర్. కెమెరా పెట్టు."

ఫొటో పక్కన నిలబడి, ఇన్నేళ్లలో మొదటిసారి కెమెరా ముందు తన పేరు చెప్పాడు. "నేను బెంజమిన్‌ను. గోడమీదున్నది నేనే. రాజమన్నకు ఫొటో లేదు."

శంకరవ్వ తలూపింది. కెమెరా ఆగాక, చల్ల పోసిన జొన్నరవ్వ గట్క గిన్నె అతని చేతిలో పెట్టింది.

"గా ఆఖరి పొద్దు ఆయన నాతోని లొల్లి వెట్టుకొని తినకుండ డ్యూటీకి పోయిండు. నువ్వన్న తిను."

అతను తింటుండగానే ఆటో వచ్చింది. శంకరవ్వ ఆటో ఎక్కి, ఫొటోను కొంగులో చుట్టి ఒళ్లో పెట్టుకుంది. ఎప్పుడు ఎటు వెళ్లినా "వస్త తమ్మీ" అనే మనిషి, ఇవాళ "పోతున్న తమ్మీ" అంది.

ఆటో మట్టిదిబ్బల వెనక్కి తిరిగాక గానీ గిన్నె తన దగ్గరే ఉండిపోయిందని బెంజమిన్‌కు తెలియలేదు. బోరింగు కింద కడిగి బోర్లించాడు. అడుగున స్టీలు అరిగి నున్నబడింది; చుక్కలు చుక్కలుగా కొట్టిన 'దుర్గం రాజం' అన్న పేరులో మాత్రం ఒక్క అక్షరమూ చెరగలేదు.