గురువారం పదిన్నరకు వెస్సెల్‌కాంప్

ఆలుగడ్డలకు తొక్క తీస్తుండగా నాకు దారి దొరికింది. బల్లకు అవతలివైపు మా అత్తగారు చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తున్నారు. నా చేతిలో కత్తి ఆగిపోయింది.

"అమ్మాయ్, తొక్క మరీ మందంగా తీస్తున్నావు. యుద్ధం రోజుల్లో ఆ తొక్కతోనే ఇంటిల్లిపాదికీ సూప్ కాచేదాన్ని" అన్నారు.

"అలాగే అత్తయ్యా" అన్నాను. కానీ నా కళ్ల ముందు తొక్క లేదు. ఒక వక్రం ఉంది, దాని మీద ఒక బిందువు ఉంది. రెండేళ్లుగా నా భర్త లోథార్‌కి నిద్ర లేకుండా చేస్తున్న బిందువు అది.

దాని కథ చెప్పడం కష్టమేమీ కాదు. ఒక లంబకోణ త్రిభుజం గీయండి. మూడు భుజాలూ పూర్ణాంకాలో, భిన్నాలో అయి ఉండాలి. వైశాల్యం సరిగ్గా ఐదు రావాలి. వస్తుందా? ఒకటిన్నర, మూడింట ఇరవై, ఆరింట నలభై ఒకటి తీసుకుంటే వస్తుంది. వైశాల్యం ఒకటి రావాలంటే మాత్రం ఎంత వెతికినా దొరకదు. ఏ సంఖ్యకు వస్తుంది, ఏ సంఖ్యకు రాదు అన్నదే ప్రశ్న. ఎప్పటివాళ్లో అడిగారు, ఇప్పటికీ ఎవరూ పూర్తిగా చెప్పలేదు. త్రిభుజాన్ని వదిలేసి ఆ సంఖ్యకు తగిన వక్రాన్ని పట్టుకోవడం మా పద్ధతి. వాటిని ఎలిప్టిక్ వక్రాలంటారు. చూడబోతే దీర్ఘవృత్తంతో పోలికే ఉండదు. ఏదో దూరపు చుట్టరికం వల్ల ఆ పేరు అంటుకుంది, ఎవరూ మార్చలేదు. ఆ వక్రం మీది రెండు బిందువుల్ని కూడితే మూడోది వస్తుంది. ఒక బిందువును దానికదే కూడుతూ పోవచ్చు. కొన్ని బిందువులు అలా నాలుగడుగులు తిరిగి మొదటికొచ్చేస్తాయి, మా ఇంట్లో గిన్నెల్లాగా: కడిగినవి మళ్లీ తొట్లోకే వస్తాయి. కొన్ని మాత్రం ఎప్పటికీ వెనక్కి రావు, ప్రతి అడుగుకీ కొత్త చోటు. అటువంటిది ఒక్కటి దొరికితే చాలు, ఆ సంఖ్యకు త్రిభుజం ఉన్నట్టే. లోథార్ ఒక సంఖ్యల కుటుంబం మొత్తానికి బిందువులు తయారుచేశాడు. అందమైన పని, అది అతనిదే. కానీ అవి తిరిగి మొదటికి రావని చూపలేకపోయాడు. అది చూపకపోతే ఆ పనంతా గాలిలో దీపమే.

నాకు తట్టింది చిన్న సంగతి. తిరిగి వస్తుందనే అనుకుందాం. అనుకుని చివరిదాకా నడిచి చూస్తే, ఒకే సంఖ్య సరిసంఖ్యా కావాలి, బేసిసంఖ్యా కావాలి. అది జరగదు కాబట్టి ఆ బిందువు వెనక్కి రాదు. తట్టేదాకానే చిన్నది, ఆ తర్వాత రాసి సరిచూడడానికి నాకు ఆ చలికాలమంతా పట్టింది. పొద్దున్నే చర్చిలో పూజకు మోకరిల్లి కూడా మనసులో దాన్నే సరిచూసుకునేదాన్ని. దేవుడు నొచ్చుకున్నట్టు నాకెప్పుడూ అనిపించలేదు. సంఖ్యల్ని ఇలా పెట్టింది ఆయనే అయినప్పుడు, వాటిని చూసి ముచ్చటపడితే ఆయనకు కోపమెందుకు వస్తుంది?

నేనూ లోథార్ ఒకే తరగతిలో గణితం చదివాం. ఒకే ఏడు పట్టా పుచ్చుకున్నాం. తర్వాత అతను విశ్వవిద్యాలయంలో అసిస్టెంటయ్యాడు, నేను ఇద్దరు పిల్లల తల్లినయ్యాను. మొదట్లో బడిలో లెక్కలు చెప్పడానికి వెళ్తానన్నాను. అత్తగారు కాఫీ కప్పు కింద పెట్టి, "ఇంటిపని చెడకుండా ఉంటేనే ఆడది బయట పని చేయాలని చట్టంలోనే ఉందిగా. చెడదని నువ్వు మాటిస్తావా?" అన్నారు. లోథార్ పత్రిక లోంచి తల ఎత్తలేదు. అతను చెడ్డవాడు కాడు. వాళ్లమ్మకు నేలమాళిగ నుంచి బొగ్గు మోసుకొస్తాడు, పిల్లలకు జ్వరం వస్తే పక్కన కూర్చుంటాడు. తలెత్తాల్సిన సమయానికి పత్రిక చదువుతూ ఉంటాడు, అంతే.

నిరూపణ చూపించినప్పుడు అతను కుర్చీలోంచి లేచి నా నుదుటి మీద ముద్దు పెట్టాడు. "రోస్వీ, దొరికింది! మనకు దొరికింది!" అన్నాడు. 'మన' అన్న ఆ మాట నాకెంత తియ్యగా వినిపించిందో! వారం తిరిగేసరికి వ్యాసం సిద్ధం చేశాడు. పైన పేరు: ఎల్. వెస్సెల్‌కాంప్.

"నా పేరు?" అని అడిగాను.

"ఉందిగా. వెస్సెల్‌కాంప్ అంటే నువ్వు కాదూ? రేపు లోకమంతా వెస్సెల్‌కాంప్ సిద్ధాంతం అంటుంది. అందులో నీ సగం ఎక్కడికి పోతుంది?" అని నవ్వాడు. ఆ తర్వాత గొంతు తగ్గించి, "ఆ ప్రొఫెసర్ పదవికి దరఖాస్తు పెట్టాను, నీకు తెలుసు. నీకు పదవి అక్కర్లేదు, నాకు కావాలి. ఈ పనే మనందరికీ అన్నం పెడుతుంది" అన్నాడు.

చర్చిలో పాపాలు ఒప్పుకునే పాపసంకీర్తనం రోజున మా ఫాదర్ని అడిగాను. చేసిన పనికి పేరు కోరుకోవడం గర్వమా అని. ఆయన జాలిగా, "మరియమ్మ తల్లి పేరు కోసం అడిగిందా అమ్మా?" అన్నారు. తల వంచుకుని ఇంటికొచ్చాను. దారిలో అనుకున్నాను, ఆమె అడగలేదు, నిజమే. అయినా ఇన్ని శతాబ్దాలుగా ప్రతి నోటా ఆమె పేరే కదా. యోసేపు భార్య అని ఎవరూ జపమాల తిప్పడం లేదు. పేరు లేని ఆడది బైబిల్లో ఒకామె ఉంది, లోతు భార్య. వెనక్కి తిరిగి చూసినందుకు ఆమె ఉప్పు స్తంభమైపోయింది.

మ్యూనిక్‌లో ఒలింపిక్స్ అయిన మరుసటి ఏడు, బ్లాక్ ఫారెస్ట్ కొండల్లో గణితజ్ఞులు వారం పాటు కూడుకునే ఇంటికి లోథార్‌ని పిలిచారు. భార్యలు కూడా రావచ్చన్నారు. "వెళ్లు, విశ్రాంతి. వండక్కర్లేదు, తోమక్కర్లేదు" అని అత్తగారు పిల్లల్ని తన దగ్గర ఉంచుకున్నారు. అతని చొక్కాలు ఇస్త్రీ చేసి పెట్టెలో సర్దాను.

ఆ ఇంట్లో భోజనానికి ఒక పద్ధతి ఉంది. ఒక్కొక్కరికి ఒక గుడ్డ సంచి, అందులో చేతి రుమాలు, సంచి మీద పేరు. వంటింటి ఆడవాళ్లు పూటపూటకీ ఆ సంచుల్ని కలగలిపి తోచినచోట పెడతారు. ఎవరి సంచి ఎక్కడుంటే వాళ్లక్కడ కూర్చోవాలి. స్నేహితులు స్నేహితులతో, గురువులు గురువులతో గుంపు కట్టకుండా ఆ ఏర్పాటు. పెళ్లయ్యాక పదిమందిలో భోజనాల బల్ల దగ్గర లోథార్ పక్కన కాకుండా కూర్చోవడం నాకదే మొదలు. మంగళవారం మధ్యాహ్నం నా పక్కన డెన్మార్క్ నుంచి వచ్చిన థోరుప్ గారి సంచి పడింది. నెరిసిన గడ్డం, చెవుల్లో వెంట్రుకలు, ఈ రంగంలో చాలా పెద్దాయన.

"మీరు దేని మీద పనిచేస్తున్నారమ్మా?" అన్నారు సూప్ కలుపుతూ.

"మా ఆయన..." అని మొదలుపెట్టాను.

"మీ ఆయన రుమాలు ఆ కిటికీ పక్క బల్ల మీదుంది. నేనడిగింది ఈ రుమాలు సంగతి."

నాకు నవ్వొచ్చింది. నవ్వుతూనే చెప్పేశాను. వక్రం, బిందువు, అది వెనక్కి వస్తే వచ్చే చిక్కు. ఆయన మధ్యలో రెండు ప్రశ్నలడిగారు. రెండూ చలికాలమంతా నాకు నేను వేసుకున్నవే. ఆయన చెంచా గాల్లో నిలిచిపోయింది.

"సూప్ చల్లారిపోతోందండీ" అన్నాను, అలవాటు కొద్దీ.

"చల్లారనివ్వండి. సూప్ రేపూ కాస్తారు" అన్నారాయన.

ఆ సాయంత్రం ఆయన వెళ్లి, సమావేశం నడిపించే ఏవర్స్ గారికి, ఆ వెస్సెల్‌కాంప్ పని అందరూ వినాలి, ఒక గంట ఇవ్వండి అని చెప్పారు. గణితం వాళ్లలో ఒకరినొకరు ఇంటిపేరుతోనే పిలుచుకోవడం ఆచారం. సిద్ధాంతాలకైనా అంతే, ఉపన్యాసాలకైనా అంతే. ఏవర్స్ గారికి తెలిసిన వెస్సెల్‌కాంప్ ఒక్కడే. బుధవారం పొద్దున్న హాలు బయటి నల్లబల్ల మీద సుద్దతో రాసి ఉంది: గురువారం పదిన్నరకు వెస్సెల్‌కాంప్.

లోథార్ గదిలోకి పరుగున వచ్చాడు. "రోస్వీ, నన్ను పిలిచారు! థోరుప్ స్వయంగా చెప్పాడట! ఆ నీలం చొక్కా పైనే ఉందా?" అన్నాడు. అద్దంలో చూసుకుంటూ, "ఆ చివరి మెలిక నాకు ఇంకోసారి చెప్పి పెట్టు. సరి, బేసి దగ్గర నాకింకా తడబాటే" అన్నాడు.

అతని సంతోషం చూస్తూ నిలబడ్డాను. చొక్కా పైనే ఉంది. తీసి ఇవ్వడం ఎంత తేలిక! ఆ మెలిక చెప్పిపెట్టడం ఇంకా తేలిక. పిల్లలకు నోట్లో ముద్ద పెట్టినట్టు ముక్క ముక్కగా చెప్పి పంపవచ్చు. అతను చక్కగా మాట్లాడతాడు, పదవి వస్తుంది, పెద్ద ఇల్లు వస్తుంది, కూరగాయల అంగడిలో నన్ను అందరూ ప్రొఫెసరమ్మగారూ అని పిలుస్తారు. నేను కాదనకపోతే ఎవరికీ ఏ నష్టమూ లేదు. నా లోపల మాత్రం ఒకటి తెగిపోతుంది. దాన్ని చూసేవాళ్లు లేరు కాబట్టి అది నష్టం కాదా? ఆ ప్రశ్న దేవుణ్ణే అడిగాను. ఆ నిరూపణ తట్టించడానికి ఆయన ఆలుగడ్డల బల్ల దగ్గరికి, నా దగ్గరికి వచ్చాడు. చిరునామా తెలియకుండా వచ్చాడని నేననుకోను.

బుధవారం మధ్యాహ్నం అందరూ కొండ దాటి పక్క ఊరికి నడిచి వెళ్లి కేకు తినడం అక్కడి రివాజు. మేమిద్దరం వెనకబడ్డాం. ఫర్ చెట్ల మధ్య దారి బురదగా ఉంది.

"థోరుప్ గారికి ఆ పని చెప్పింది నేను. ఆయన అడిగింది నా గురించి" అన్నాను.

లోథార్ ఆగిపోయాడు. "ఏంటీ?"

"భోజనం దగ్గర. నా పక్కన కూర్చున్నారు."

"రోస్వీ, ఆ పదవి ఇచ్చే పెద్దమనిషి ఇదే ఇంట్లో తిరుగుతున్నాడు. ఇప్పుడు నువ్వు లేచి నిలబడితే నా మొహం ఎక్కడ పెట్టుకోను?"

"నీ మెడ మీదే. ఆ బిందువులు కట్టింది నువ్వు, అది నీ పనేనని నేనే చెప్తాను. పదవికి అది చాలు. చాలకపోతే నాది తగిలించుకున్నా చాలదు."

"నీకు బోర్డు ముందు నిలబడడం అలవాటు లేదు. అంతమంది గణితజ్ఞులు, ఒక్కొక్కడూ గద్దలా చూస్తుంటాడు."

"ఇన్నేళ్లుగా మీ అమ్మ ఎదురుగా తొక్క తీస్తున్నాను లోథార్. ఈ గద్దలెంత?"

అతనికి నవ్వు ఆగలేదు. నవ్వాక మళ్లీ ముడుచుకున్నాడు. కేకు ముందు కూర్చుని చెర్రీ పండును ఫోర్కుతో అటూ ఇటూ దొర్లించాడు, తినలేదు. తిరుగు దారిలో చివరికి అన్నాడు, "సరే, ఇద్దరం వెళ్దాం. నేను మాట్లాడతాను, నువ్వు బోర్డు మీద రాయి. నీ చేతిరాత బాగుంటుంది. తడబడితే పక్కనే ఉంటావుగా."

తను చాలా ఇచ్చేశానని అతనికి నిజంగానే అనిపించింది, ఆ సంగతి మొహంలో కనిపించింది. ఊళ్లో గంటలు మోగుతుంటే సిలువ గురుతు వేసుకుని నడిచాను. ఆ నడకలోనే నాకు తెలిసిపోయింది, రేపు నేనేం చేస్తానో. భయం వేయలేదు. ఒక నిరూపణ పూర్తయినప్పుడు ఒళ్లు ఎలా తేలికపడుతుందో అలా తేలికపడింది.

గురువారం హాలు నిండింది. ఏవర్స్ గారు లేచి, "ఇప్పుడు వెస్సెల్‌కాంప్" అని కూర్చున్నారు.

లోథార్ లేచి కోటు గుండీ పెట్టుకున్నాడు. నేనూ లేచాను. వెనక ఎవరో చిన్నగా దగ్గారు. ముందుకు నడిచాం. బోర్డు మీద అంతకు ముందు మాట్లాడినవాళ్ల గీతలు అలాగే ఉన్నాయి. లోథార్ పెట్టెలోంచి కొత్త సుద్దముక్క ఏరి, బయట నాకు తలుపు తీసి పట్టుకున్నంత మర్యాదగా నా చేతికిచ్చాడు. బోర్డు వైపు తిరుగుతానని ఎదురుచూశాడు.

నేను మనుషుల వైపు తిరిగాను. ముందు వరుసలో థోరుప్ గారు కళ్లజోడు సవరించుకుంటున్నారు.

"నా పేరు రోస్వితా వెస్సెల్‌కాంప్" అన్నాను. నా గొంతు నాకే కొత్తగా, నిలకడగా వినిపించింది. "ఈ బిందువుల్ని కట్టింది నా భర్త. అవి వెనక్కి రావని నిరూపించింది నేను. ఇవాళ నా నిరూపణ చెప్తాను."

లోథార్ నా పక్కన చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక నిలబడిపోయాడు. అతని వైపు తిరిగి, ఇంట్లో మాట్లాడినంత మామూలుగా, అందరికీ వినబడేలా అన్నాను:

"లోథార్, స్పాంజి తడుపుకొచ్చి బోర్డు తుడిచిపెట్టు. నాకు మొత్తం కావాలి."