పంకా ఆగిన పూట

ఆ కోర్టు కచేరీ మొత్తంలో కునుకయ్య తిన్నన్ని తిట్లు ఇంకెవరూ తినలేదు. అందులో ముప్పాతిక వంతు బెంచి గుమాస్తాగారి నోటి నుంచి వచ్చినవే. కునుకయ్య పని పంకా లాగడం. కోర్టు హాల్లో దూలానికి పెద్ద గుడ్డ పంకా వేలాడుతూ ఉండేది. దాని తాడు గోడకున్న కన్నంలోంచి వెనక వరండాలోకి పోయేది. ఆ తాడు చివర ఇతను కూర్చునేవాడు. లోపల తెల్లదొర చల్లగా తీర్పులు చెబుతుంటే, బయట ఉక్కలో ఇతను లాగుతూ లాగుతూ ఓ కునుకు తీసేవాడు. పంకా ఆగేది. దొర కనుబొమ్మ లేచేది. గుమాస్తాగారు వరండాలోకి పరిగెత్తి, "ఒరేయ్ కునుకూ! దొరగారు అక్కడ ఉడికిపోతున్నార్రా!" అని కసిరి, ఒక్కోసారి చెంబెడు నీళ్లు ముఖాన కొట్టి వచ్చేవారు.

గుమాస్తాగారు చెడ్డవారేమీ కాదు. కాకపోతే తెల్లవాళ్ల ప్రభుత్వం మీద ఈగ వాలనిచ్చేవారు కాదు. ఒంటిమీది కోటు, కూర్చునే కుర్చీ, వీధిలో అందే నమస్కారాలు అన్నీ ఆ దొరల చలవేనని ఆయన నమ్మకం. ఆ నమ్మకంతోనే ఒక్కగానొక్క కూతురికి చదువు చెప్పించారు. ఆ పిల్ల చదివి ఊరుకుందా? పత్రికలు తిరగేసింది. ఓడల్లో దిగే సీమగుడ్డ మన నేతగాళ్ల నోటి దగ్గర కూడు లాగేస్తోందని తెలుసుకుంది. తోటి ఆడపిల్లల్ని పోగుచేసుకుని బట్టలకొట్టు ముందు నిలబడి, "సీమగుడ్డ కొనకండి బాబూ" అని వచ్చేపోయేవాళ్లందరినీ బతిమాలింది. ఆ కొట్టు అద్దం పగిలి ఉంది. రాయి వేసింది ఈ పిల్లేనని పోలీసులు పట్టుకుపోయారు.

అసలు సంగతేమిటంటే, ఆ అద్దం పిల్లలు రాకముందే పగిలింది. ఆ కొట్టు షావుకారే పైఅరల్లో సరుకు సర్దుతూ నిచ్చెన తగిలించి పగలగొట్టుకున్నాడు. ఆ వెంటనే బేరం పని మీద పొరుగూరు వెళ్లిపోయాడు. పిల్లను పట్టుకుపోయిన సంగతి తెలిసి, "మధ్యాహ్నం రైలుకి వస్తాను, నేనే కోర్టులో చెబుతాను" అని గుమాస్తాగారికి కబురు పంపాడు. ఆ కబురుతో ఆయనకు పోయిన ప్రాణం లేచొచ్చింది. కానీ కేసేమో పొద్దున్నే. పొద్దుటి కేసు భోజనానికి ముందే తేల్చేయడం దొర అలవాటు. షావుకారు రైలు వచ్చేదాకా ఆగమని చేతులు నలుపుకుంటూ అడిగితే దొర నవ్వాడు.

"నీ కూతురని ఆగాలా? ఇన్నాళ్లూ విశ్వాసం, విశ్వాసం అన్నావు. ఇవాళ చూస్తాను. నేరం ఏమిటో నువ్వే చదివి వినిపించు."

గుమాస్తాగారు చదివారు. బోనులో కూతురు నిలబడి ఉంటే, ఆమె ముఖం చూడకుండా, తడబడకుండా చదివారు. ఇంటి దగ్గర ఆమె తల్లి పచ్చి మంచినీళ్లు ముట్టలేదు. శిక్ష పడితే పెళ్లి కావలసిన పిల్ల, దొంగలతో హంతకులతో జైల్లో ఆరు నెలలు!

"క్షమాపణ చెబితే వదిలేస్తాను" అన్నాడు దొర.

"రాయి నేను వెయ్యలేదు. వెయ్యనిదానికి క్షమాపణ ఎందుకు చెప్పాలి?" అంది ఆ పిల్ల.

ఎంత పొగరో! ఆ పొగరు చూసి మనసులో ఓ మూల పొంగిపోతున్నందుకు గుమాస్తాగారికి తన మీద తనకే ఒళ్లు మండింది. పోలీసు జవాను సాక్ష్యం చెప్పి దిగాడు. దొర కలం అందుకున్నాడు. సరిగ్గా అప్పుడు పంకా నెమ్మదించింది. ఊగీ ఊగనట్టు ఓసారి కదిలి, ఆగిపోయింది.

అది ఎండలు ముదిరిన కాలం. కాసేపటికే హాలు కాగినట్టయింది. దొర మెడపట్టీ వదులు చేసుకున్నాడు. ముక్కు చివర నుంచి చెమటబొట్టు రాలి సిరా అలుక్కుపోయింది. ఆ కాగితం ఉండచుట్టి విసిరేసి, "వాణ్ణి లేపు!" అని అరిచాడు.

గుమాస్తాగారు అలవాటు కొద్దీ చెంబుతోనే వెళ్లారు. తీరా చూస్తే కునుకయ్య కళ్లు చింతనిప్పుల్లా ఉన్నాయి. తాడు ఒళ్లో పెట్టుకుని బాసింపట్టు వేసి కూర్చున్నాడు.

"నిద్రపోలేదా?"

"లేదండి. ఇంత మెలకువగా నేనెప్పుడూ లేను."

"మరి లాగవేం?"

"లోపలి మాటలన్నీ ఈ కన్నంలోంచి వినపడతాయండి. ఇన్నేళ్లూ ఎంతమందిని జైలుకి తోలుతుంటే గాలి విసిరానో! ఇవాళెందుకో చెయ్యి రాలేదు. షావుకారు రైలు ఇంకా రాలేదు కదండీ?"

గుమాస్తాగారు చెంబు కింద పెట్టారు. "నీ పని పోతుంది" అన్నారు. గొంతులో ఎప్పటి కసురు లేదు.

"పోతే పోయింది. మీరెళ్లి, కునుకుగాడు తెలివితప్పి పడిపోయాడు, ఎంత లేపినా లేవడం లేదు అని చెప్పండి. మీచేత అబద్ధం ఆడించడం ఎందుకూ, నేను పడిపోతున్నాను" అంటూ నేలమీద వెల్లకిలా పడి కళ్లు మూసుకున్నాడు.

గుమాస్తాగారు లోపలికి వెళ్లి ఆ మాటే చెప్పారు. బుద్ధెరిగాక ప్రభుత్వంతో ఆయన ఆడిన మొదటి అబద్ధం అది. దొర నిప్పులు చెరిగాడు. మరో మనిషిని వెతికి తెచ్చేలోగా తాను ఆవిరైపోతానని, ఆ సోమరిపోతును ఆ క్షణమే పనిలోంచి తీసేయమని, కేసు భోజనం తర్వాత చూస్తానని చెప్పి బంగళాకు పోయాడు.

మధ్యాహ్నం షావుకారు వచ్చాడు. రైలు దిగినవాడు దిగినట్టే, మూట చంకలో పెట్టుకుని, రొప్పుతూ వచ్చాడు. గుమాస్తాగారు ఊపిరి పీల్చుకునేలోగా దొర కొత్త పేచీ పెట్టాడు. పంకా లాగే మనిషి దొరకలేదు. ఆ ఎండలో, ఆ కూలికి ఎవడొస్తాడు?

"గాలి లేకుండా ఇంకో సాక్ష్యం వినడం నా వల్ల కాదు. విన్నది చాలు, తీర్పు చెప్పేస్తాను."

"మనిషి ఉన్నాడండి! ఒక్క నిమిషం!" అన్నారు గుమాస్తాగారు.

రెండో గుమాస్తా చేతిలో కలం పెట్టి, వరండాలోకి పోయి, కోటు విప్పి మేకుకు తగిలించి, కటిక నేలమీద చతికిలబడి తాడు అందుకున్నారు. మెట్లమీద కూర్చున్న కునుకయ్య బెదిరిపోయి లేచాడు.

"మీరా! నాకివ్వండి బాబూ."

"వద్దు. ఇప్పుడు దొర బయటికొచ్చి నిన్ను చూశాడంటే నా అబద్ధం, నీ పుణ్యం రెండూ గంగపాలు. నువ్వు కూర్చో."

"సరే గానీ మెల్లగా లాగండి. నూతిలోంచి చేద లాగుతున్నారా ఏంటి?"

అరచేతులు భగ్గుమన్నాయి. గూడలు పీకాయి. ఇలాంటి పని చేసే మనిషి ముఖాన నీళ్లు కొట్టానే అనుకుంటే ఆయనకు సిగ్గుతో తల ఎత్తబుద్ధి కాలేదు. కన్నంలోంచి షావుకారు గొంతు వినపడింది.

"ఈ పిల్లలు నా బేరం చెడగొట్టిన మాట నిజమే దొరా. వీళ్లంటే నాకు ఒళ్లు మంట. అయినా అద్దం పగలగొట్టింది నా నిచ్చెన. నా తప్పు ఆడపిల్ల నెత్తిన రుద్ది నేనెలా తినను, ఎలా పడుకోను?"

గుమాస్తాగారికి కళ్లనీళ్లు తిరిగాయి. తుడుచుకుందామంటే చెయ్యి ఖాళీ లేదు. ఆయన లాగుతూనే ఉన్నారు. చివరికి దొర విసుగ్గా ఒకే మాట అన్నాడు. విడుదల.

పిల్ల పరుగున వరండాలోకి వచ్చి, తండ్రిని ఆ అవతారంలో చూసి కొయ్యబారిపోయింది.

"నాన్నా! ఇదేంటి?"

లోపల ఇంకో కేసు పిలిచారు. తాడు వదలడానికి లేదు. కునుకయ్య వెనక నుంచి వచ్చి ఆయన చేతుల్లోంచి తాడు ఊడలాక్కున్నాడు. "లేవండి బాబూ, అమ్మాయి వచ్చింది. దొర వస్తే వస్తాడు." అతను రెండుసార్లు లాగాడో లేదో, లోపల నుంచి దొర గొంతు వినిపించింది.

"ఇప్పుడు బాగుంది! ఎవడీ కొత్తవాడు? వీణ్ణే ఉంచండి."

గోడ అవతలి మనిషి ముఖం దొర ఏనాడు చూశాడు గనక! ముగ్గురూ నోళ్లు నొక్కుకుని నవ్వారు. నవ్వుతూ నవ్వుతూనే గుమాస్తాగారు ఏడ్చేశారు. కూతురి భుజం పట్టుకుని, కునుకయ్యను చూపిస్తూ, "వీరి వల్లే నువ్వు ఇంటికొస్తున్నావమ్మా" అన్నారు. తర్వాత కునుకయ్య వైపు తిరిగారు.

"కునుకయ్యా, నా చర్మం ఒలిచి చెప్పులు కుట్టించినా నీ రుణం తీరదు."

బొబ్బలెక్కిన రెండు చేతులూ ఎత్తి, వరండాలో జనమంతా చూస్తుండగా, దణ్ణం పెట్టారు. కునుకయ్య కంగారుగా అటూ ఇటూ చూశాడు.

"అయ్యో, దించండి బాబూ! నా చేతులు ఖాళీ లేవు, తిరిగి ఎలా పెట్టను?"

గుమాస్తాగారు దించలేదు.