తలుపు మీది దీపం కార్డు

ముందే ఒప్పేసుకుంటున్నాను. మా తలుపు మీద అమ్మ అంటించే వాగ్దానం కార్డును, అదే, కొత్త ఏడాదికి బైబిలు వాక్యం రాసిచ్చే కార్డును, పీకేయాలని ఏటా ప్రయత్నించింది నేనే. డిసెంబరు ముప్పై ఒకటిన ఆరాధన అయ్యాక చర్చిలో అందరికీ తలా ఒక కార్డు ఇస్తారు. ఇంటికి రాగానే అమ్మ పాతది గీకేసి కొత్తది అంటిస్తుంది. "ఈ వసంత్ కుంజ్ కాలనీ మొత్తంలో ఇంత జిగురు ఎవరూ వాడరమ్మా" అనేదాన్ని.

జనవరి ఆరున అమ్మ ఆసుపత్రిలో నర్సు డ్యూటీ దిగి వచ్చేసరికి తలుపు మీద ఆ కార్డుకు దిగువన బ్యాంకు నోటీసు అంటించి ఉంది. నాన్న వైద్యానికి తాకట్టు పెట్టిన ఈ ఫ్లాటుకు ఇరవయ్యో తారీఖున వేలమట. నాన్న ఎలాగూ దక్కలేదు. ఇప్పుడు ఇల్లు కూడానా?

"వేలానికి ముప్పై రోజుల ముందు నోటీసు అంటించాలి తల్లీ. ఇది పద్నాలుగు రోజులే. బ్యాంకు అప్పుల కేసులు చూసే ట్రిబ్యునల్‌లో ఆపిద్దాం" అన్నారు మా లాయర్ పద్మనాభం అంకుల్.

కేసు వేస్తే, బ్యాంకేమో నోటీసు డిసెంబరు పదినే అంటించామంటూ తలుపు ఫోటో ప్రింటు తీసి దాఖలు చేసింది. నేను కంప్యూటర్స్‌లో బీటెక్. ఫోటో ఫైల్లో తేదీ దాగి ఉంటుందని గర్వంగా చెప్పాను.

"ఇది కాగితం కదమ్మా" అన్నారు అంకుల్.

నాలుగేళ్ల ఫీజు వృథా.

అమ్మ ఆ ప్రింటును కళ్లజోడుకు ఆనించుకుని చూసింది. "జెన్నీ, ఇటు చూడవే. కార్డు మీద దీపం బొమ్మ ఉంది. పోయినేడాది పావురం కదే!"

దీపం కార్డు చేతికొచ్చిందే ముప్పై ఒకటిన. తలుపు మీది కార్డు తెమ్మన్నారు అంకుల్. "పీకితే చిరిగిపోద్ది" అంది అమ్మ. అదే దీపం బొమ్మతో చర్చిలో నాకిచ్చిన కార్డు మాత్రం ల్యాప్‌టాప్ బ్యాగులో, ఛార్జర్ కింద భద్రంగా ఉంది. వెనక చర్చి ముద్ర, తేదీ కూడా ఉన్నాయి.

పందొమ్మిదిన ట్రిబ్యునల్‌లో అంకుల్ ఫోటోలోని కార్డు చూపించగానే బ్యాంకు లాయరు అమ్మవైపు చూసి నవ్వాడు. "అరే, ఏదో దేవుడి పోస్టర్ మేడమ్."

"అచ్ఛా భయ్యా," అంది అమ్మ హిందీలో. "ముప్పై ఒకటిన ఇచ్చిన కార్డు పదో తారీఖునే మా తలుపెక్కిందా? మీరు తెచ్చి అంటించారా?"

అతను ఫైలు తిరగేయడం మొదలుపెట్టాడు. జడ్జిగారు నా కార్డునూ ఫోటోనూ పక్కపక్కన పెట్టి చూశారు. వేలం ఆపేశారు. కావాలంటే కొత్త నోటీసుతో మళ్లీ మొదలుపెట్టుకోమన్నారు.

బయటికొచ్చాక అడిగాను. "మళ్లీ వస్తే?"

"రానీవే. ఇల్లు నేను కొన్నది. ఈలోపు వాయిదాల సంగతి నేనే వెళ్లి మాట్లాడతా. దొంగ తేదీ వేస్తే మళ్లీ ఇక్కడికే లాక్కొస్తా."

దారిలో జిగురు డబ్బా కొన్నాం. డబ్బులు నేనే ఇచ్చాను.

మీ తలుపు మీద కూడా ఎవరైనా ఇలాంటి కాగితం అంటించారా? మీరేం చేశారు? కింద రాయండి. అమ్మకు చదివి వినిపిస్తాను.