తుపాకి లేని మూల

కూరలో ఉప్పు తగ్గింది. ఆయన లేచి వంటింట్లోకి వెళ్లి ఉప్పు డబ్బా తెచ్చుకున్నాడు. వింటే ఇందులో విడ్డూరమేముంది అనిపిస్తుంది. కానీ పెళ్లయిన ఇన్నేళ్లలో ఆ డబ్బా ఎక్కడుంటుందో ఆయనకు తెలిసింది, ఇంట్లోని తుపాకి పోలీస్‌స్టేషన్‌కి వెళ్లాకే.

అంతకుముందు ఉప్పు తగ్గితే హాలు మూలనున్న పొడుగాటి బీరువా వైపు ఓ చూపు చూసి, "లైసెన్సున్న మొగుడితో జాగ్రత్త సుమా" అనేవాడు. చుట్టాలుంటే ఘొల్లున నవ్వేవారు. ఆమె కూడా నవ్వేది. నవ్వకపోతే సరదా తెలియని మనిషంటారు మరి. బీరువాలో ఆమె మామగారి నుంచి వచ్చిన తుపాకి ఉండేది. లైసెన్సు ఆయన పేరున, చాకిరీ ఆమె పేరున. నూనె వాసనకు తుమ్ములొస్తాయని ఆయన దాన్ని ముట్టేవాడు కాదు. ఆదివారం అంట్లు తోమి, బట్టలు ఆరేశాక పాత చీర పేలికతో ఆమే తుడిచేది. తుడుస్తున్నంతసేపూ గొట్టం తన వైపు తిరగకుండా చూసుకునేది. అందులో తూటా లేదని తెలుసు. అయినా సరే.

కారు నిలిపే చోటు గురించి పక్కింటాయనతో మాటామాటా పెరిగిన రోజు, ఆయన తుపాకి భుజాన వేసుకుని వాకిట్లో నిలబడ్డాడు. ఎవరి మీదా గురి పెట్టలేదు, ఊరికే నిలబడ్డానంతే అన్నాడు తర్వాత. పక్కింటాయన ఫిర్యాదు చేశాడు. లైసెన్సు రద్దయింది, తుపాకి స్టేషన్‌లో జమ అయింది. ఆయన అప్పీలుకు వెళ్లాడు. నోటీసు లేదు, విచారణ లేదు, నష్టపోయే మనిషి మాట వినకుండా నిర్ణయం ఎలా తీసుకుంటారని వకీలు అన్న మాటను ఫోన్‌లో చుట్టాలందరికీ అప్పజెప్పాడు. న్యాయమైన మాటేనని ఆమెకూ అనిపించింది. గిన్నెలు కడుగుతూ దాన్నే తలపోసింది. ఒకప్పుడు బడిలో తను చేస్తున్న టీచరు ఉద్యోగం మాన్పించాలని ఇంట్లో తేల్చేసిన సంగతి, ఆమెకు మర్నాడు అత్తగారు చెబితే తెలిసింది. అప్పుడెవరిచ్చారు నోటీసు?

అప్పీలు నడుస్తుండగానే ఆమె ఖాళీ బీరువాను వెనక వరండాలోకి నెట్టించి, ఆ మూల రెండు కుర్చీలు వేసింది. అక్కడో కిటికీ ఉందన్న సంగతే అందరూ మరిచిపోయారు. మధ్యాహ్నం పని తెమిలాక ఆమె పుస్తకం తెచ్చుకునేది, అత్తగారు ఊలు అల్లుకునేవారు. మాటలు తక్కువే, హాయి మాత్రం బోలెడంత. ఇంత చిన్న సుఖానికి ఇన్నేళ్లు పట్టిందా అని ఒక్కోసారి తనలో తనే నవ్వుకునేది. అది మాత్రం సొంత నవ్వు.

అప్పీలు నెగ్గింది. ఆయన మాట, ఇంట్లోవాళ్ల మాట విని మళ్లీ తేల్చమన్నారు. తుపాకి వస్తే బీరువా వస్తుంది, బీరువా వస్తే కిటికీ పోతుంది. ఆయన ఆమెకు రోజూ పాఠం చెప్పాడు: భయం లేదని చెప్పు, జాగ్రత్తంతా నాదేనని చెప్పు. "రెండు ముక్కలేగా, నీ సొమ్మేం పోయింది?"

విచారణకు వచ్చిన అధికారిణి ఆయన చెప్పిందంతా ఓపిగ్గా రాసుకుంది. ఆడవాళ్లతో విడిగా మాట్లాడాలంది.

"మా ఆవిడకేం తెలీదండీ," అన్నాడాయన గుమ్మంలో ఆగి.

"తెలిసిందే అడుగుతాను లెండి," అందావిడ.

ఆయన బయటికి వెళ్లాక అడిగింది. "తుపాకి ఇంట్లో ఉంటే మీకేమైనా భయమా అమ్మా?"

నేర్చుకున్న రెండు ముక్కలూ నాలుక చివరే ఉన్నాయి. కిటికీలోంచి ఎండ వచ్చి అత్తగారి ఊలు ఉండ మీద పడుతోంది.

"ఆయన్ని అడక్కుండా రద్దు చేయడం తప్పేనండీ," అందామె. "ఆయన్ని అడగాల్సిందే, నన్నూ అడగాల్సిందే. ఇన్నాళ్లకి అడిగారు కాబట్టి చెబుతున్నా. కూరలో ఉప్పు తగ్గితే ఆయన తుపాకి బీరువా వైపు చూసేవారు. అందరూ నవ్వేవారు. నేను భయంతో నవ్వేదాన్ని. అది మళ్లీ మా ఇంటికి రావద్దు."

కాగితం మీద సంతకం పెట్టింది. అధికారిణి కలం మూత పెట్టబోతుంటే అత్తగారు అల్లిక ఒళ్లో పెట్టుకున్నారు.

"మా ఆయనా ఆ బీరువా వైపే చూసేవాడమ్మా," అన్నారావిడ. "నాదీ రాసుకో."