ఫాదర్ రాయప్ప రాయని ముక్క

తిరుపతిలో కొత్త సినిమా విడుదలైతే మొదటి ఆటకి ఒక కేథలిక్ గురువు కూడా వస్తాడంటే బయటి ఊరివాళ్ళు నమ్మరు. ఊళ్ళోవాళ్ళకి అదేం వింత కాదు. తెల్లంగీ గదిలో తగిలించి, గళ్ళ చొక్కా తొడుక్కుని ఫాదర్ రాయప్ప బాల్కనీలోకి వస్తుంటే, గేటు దగ్గర టికెట్లు చించే మునిప్రసాద్ ఊరుకోడు.

"సామీ, బొమ్మ ఆడతాదా?"

"చూడనియ్యప్పా ముందు" అనేవాడాయన.

ఆదివారం చర్చిలో పూజకి వచ్చిన జనం గుడిలో విన్న ప్రసంగాన్ని గుడిలోనే వదిలేసి పోయేవాళ్ళు. అదే రోజు పేపర్లో ఆయన రాసిన సమీక్ష మీద మాత్రం మధ్యాహ్నం దాకా కొట్టుకునేవాళ్ళు. బిషప్ గారికి ఈ సినిమా పిచ్చి గిట్టదు. అయినా చూసీ చూడనట్టు పోయేవాడు. ఫాదరేమో సత్యవేడు పక్క పల్లెలో కూలివాళ్ళ ఇంట పుట్టి, ఇంత చదువు చదివి, కవిత్వం రాసి, సొంతంగా అచ్చేయించుకున్న పుస్తకాలు కట్టలు విప్పకుండానే పూజసామాను బీరువా కింద పడి ఉన్న మనిషి. కవిగా ఆయన్ని పలకరించిన నాథుడు లేడు. విమర్శకుడిగా మాత్రం ఒక పేరుంది. ఫాదర్ అబద్ధం రాయడు, అదీ ఆ పేరు. దాన్ని ఆయన ప్రాణంలా చూసుకునేవాడు.

అలాంటి మనిషి 'ఒంటి చెప్పు' దగ్గర బోర్లా పడ్డాడు.

ఆ సినిమా తీసింది ప్రతాప్. ఇదే గుడిలో పెరిగినవాడు, పీఠం దగ్గర ఫాదర్‌కి గంట కొట్టి, నీళ్ళందించినవాడు. కథ చాలా చిన్నది. అలిపిరి దగ్గర కొండెక్కే భక్తుల చెప్పులు కాచే ముసలాయన ఉంటాడు. ఎవరో చిన్నపిల్ల ఒక్క చెప్పు వదిలేసి పోతుంది. ఆ పిల్ల ఎప్పటికైనా వస్తుందని ఆయన చచ్చేదాకా దాన్ని తుడిచి, విడిగా పెట్టి, కాచుకుంటాడు. అంతే. ఫాదర్ చీకట్లో కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చాడు. ఇంటికొచ్చి, "ఇలాంటి కథ ఇంతవరకు ఎవరి నోటా వినలేదు. ఇది ప్రతాప్ సొంత గుండెలోంచి పుట్టింది" అని రాసి పంపాడు. సినిమా బాగుందంటే సరిపోయేది గదా! ఎవరి గుండెలోంచి పుట్టిందో ఈయనకెందుకు?

పేపర్లో అది వచ్చిన వారంలోనే నిస్సార్ వచ్చాడు. ఫ్లెక్సీ బ్యానర్లు వేసే షాపులో మిషన్ నడిపే కుర్రాడు, కథలు రాసుకుంటాడు, అప్పుడప్పుడూ తెచ్చి ఫాదర్‌కి చూపిస్తాడు. ఆ రోజు కూర్చోమన్నా కూర్చోలేదు.

"ఫాదర్, అది మా తాత కథ. గౌస్ మొహిద్దీన్ అంటే అలిపిరిలో తెలీనోళ్ళు లేరు. బ్యానర్ల కోసం ప్రతాప్ మా షాపుకి వచ్చేవాడు. టీ కొట్టు కాడ కూర్చోబెట్టి కథంతా నేనే చెప్పినాను. రాసింది కూడా వాడి చేతికే ఇచ్చినాను. సినిమా పోస్టర్లు మా మిషన్ మీదే వేసినాం ఫాదర్. రచన అన్న చోట వాడి పేరు నా చేత్తోనే వేసినా. ఏదో పొరపాటు, తర్వాత మార్చుకుంటాడులే అనుకున్యా."

"సాక్షి ఎవరన్నా ఉన్నారా నాయనా?"

"టీ కొట్టోడుండాడు. వాడికేం గుర్తుంటాది?"

ఫాదర్‌కి సగం నమ్మకం కుదిరింది. కానీ రెండో పక్క వినకుండా కలం పట్టే అలవాటు లేదు. "ప్రతాప్‌ని అడుగుతాను. నిజమైతే ఈ ఆదివారమే రాస్తాను. నేను తప్పు రాశానని నా చేత్తో నేనే రాస్తాను, సరేనా?" అన్నాడు. నిస్సార్ కళ్ళు తుడుచుకుని వెళ్ళాడు. ఫాదర్ ఫోన్ చేస్తే ప్రతాప్ ఎంతో మర్యాదగా మాట్లాడాడు. "ఫోన్లో వద్దు ఫాదర్. శనివారం సాయంత్రం నేనే వచ్చి అంతా చెప్తా" అన్నాడు.

అన్నట్టే వచ్చాడు. కానీ ఫాదర్ గదికి రాలేదు.

శనివారం సాయంత్రం ఫాదర్ గుడిలో, పాపసంకీర్తనం, అంటే జనం తమ పాపాలు చెప్పుకుంటే వినే చెక్క గదిలో కూర్చుంటాడు. మధ్యలో జల్లెడలాంటి కిటికీ. అవతల మోకరిల్లినవాళ్ళు చెప్పుకున్నది గురువు నోరు దాటకూడదు, తల తీసినా సరే. మాటతోనే కాదు, మొహంతోనూ, చేసే పనితోనూ బయటపడనివ్వకూడదు. ప్రతాప్‌కి చిన్నప్పుడు ఈ నియమం నేర్పింది ఎవరనుకున్నారు? ఈ మహానుభావుడే.

"స్వామీ, నేను పాపిని" అంది జల్లెడ అవతలి గొంతు.

అది ప్రతాప్ గొంతని ఫాదర్ గుర్తుపట్టాడు. లేచి వెళ్ళిపోదామా అనుకున్నాడు. పాపం చెప్పుకోడానికి వచ్చినవాణ్ణి వదిలేసి లేచిన చరిత్ర ఆయనకి లేదు. ఆ క్షణంలో లేవాల్సింది. లేవలేదు.

"నిస్సార్ కథ నేను కాజేసినాను స్వామీ. అక్షరం మార్చలేదు. నా పేరు వేసుకున్యాను" అని ప్రతాప్ ఏడ్చాడు. నటీనటుల ఏడుపుల మీద పేజీలు పేజీలు రాసిన విమర్శకుడికి, ఆ ఏడుపు నిజమో నటనో అంతుపట్టలేదు.

"నిస్సార్ పేరు వెయ్యి. అదే నీ ప్రాయశ్చిత్తం."

"నిర్మాత ఒప్పుకోడు స్వామీ. తర్వాతి సినిమా కూడా పోతాది."

"అయితే నీకు పాపక్షమాపణ లేదు. పేరు వేసి రా, అప్పుడిస్తాను."

ప్రతాప్ ఒక నిట్టూర్పు విడిచి లేచాడు. చివరివాళ్ళ దాకా విని ఫాదర్ బయటికి వచ్చేసరికి వాడు గుడి గేటు దగ్గర నిలబడి ఉన్నాడు. కళ్ళు పొడిగా ఉన్నాయి.

"రేపు ఏం రాస్తాండారు ఫాదర్?" అన్నాడు, వాతావరణం గురించి అడిగినట్టు.

ఒరే దుర్మార్గుడా అని నోటిదాకా వచ్చింది. అదీ అనకూడదు. క్షమాపణ ఇవ్వకపోయినా సరే, జల్లెడ అవతల విన్నదాన్ని, చెప్పినవాడి ఎదుట కూడా ఎత్తకూడదు. ఫాదర్ తల దించుకుని లోపలికి పోయాడు.

నిన్నటిదాకా అది అనుమానం. అనుమానాన్ని రాయొచ్చు. ఇప్పుడు తెలిసిపోయింది. ఇక ఏం రాసినా అక్కడ విన్నదే రాసినట్టు. కవి గదా, చాటుగా ఒక కవితలో చెబుదామని కూర్చున్నాడు. నాలుగు పాదాలు రాసి చించేశాడు. చాటుగా చెప్పినా చెప్పినట్టే. పోనీ కాలమ్ మానేద్దామా అంటే, ఇప్పుడే ఎందుకు మానేశాడని ఊరంతా ఆరా తీస్తుంది. చివరికి ఆదివారం పేపర్లో పాతకాలపు టూరింగ్ టాకీసుల మీద ఒక వ్యాసం వచ్చింది. ఎంత కమ్మగా ఉందో అని జనం మెచ్చుకున్నారు. థూ! రాసిన చేతికే అసహ్యం వేసింది.

నిస్సార్ ఫోన్ చేస్తే ఫాదర్ ఎత్తలేదు. ఎత్తి ఏం చెప్పగలడు? నిస్సార్ రచయితల సంఘంలో ఫిర్యాదు పెట్టుకున్నాడు. ప్రతాప్ అక్కడికి వెళ్ళి పెద్దగా వాదించలేదు. పేపర్ ముక్క ఒకటి బల్లమీద పెట్టాడు. "ఇది నా సొంత గుండెలోంచి పుట్టిందని ఫాదర్ రాయప్ప రాసినాడు. ఆయన అబద్ధం రాస్తాడా?" అన్నాడు. అందరూ తలలూపారు. నిస్సార్‌ది తప్పుడు ఫిర్యాదని తేల్చారు. ఫోన్లలో వాడి ఫొటో పెట్టి కథల దొంగ అని నవ్వుకున్నారు. సినిమావాళ్ళ బ్యానర్లు పోతాయని భయపడి షాపు యజమాని రేపట్నుంచి రావొద్దన్నాడు.

ఆ తర్వాత ఒక ఆదివారం, పూజ అయిపోయి జనం పల్చబడ్డాక, గుడి మెట్ల కింద చెప్పులు విడిచి ఒక ముసలామె పైకి వచ్చింది. నిస్సార్ నాయనమ్మ, ఉమ్మే హబీబా. వెనక నిస్సార్ ఎటో చూస్తూ నిలబడ్డాడు.

"సామీ, ఒక్క మాట అడిగి పోదామని వచ్చినాను. నా మనవడు అబద్ధం చెప్పినాడా? మా ఆయన బతుకు నాకు తెలుసు. కానీ ఆ కథ కాయితం మింద పెట్టింది వీడేనా, ఆ పిల్లోడా? అది నాకు తెలీదు. వీడు అబద్ధమాడింటే నేనే గడప తొక్కనియ్యను. ఆడలేదంటే, మీరు ఊరికంతా చెప్పబల్లేదు. నాకొక్కదానికి చెప్పండి, చాలు. నా పెదిమ దాటనియ్యను."

ఆమె చేతులు జోడించింది. ఫాదర్ నోరు తెరిచాడు. అనాల్సింది ఒకటే. వీడు మణిపూస తల్లీ, వీడికి అన్యాయం జరిగింది. అంతే, ఇంత చిన్న మాట. కళ్ళతో చెప్పినా ఆమెకి అర్థమయ్యేది. అందుకే కళ్ళు కూడా పక్కకి తిప్పుకున్నాడు.

"నాకు తెలీదమ్మా" అన్నాడు.

ఆయన జీవితంలో ఆడిన మొదటి అబద్ధం అది. అది ఎవరికీ తెలియదు, తెలియబోదు కూడాను.

"పద దాదీ, సార్‌కి మొదటాట టైమైనట్టుండాది" అన్నాడు నిస్సార్.

హబీబా మెల్లగా మెట్లు దిగింది. కింద నాలుగైదు జతల మధ్య తన చెప్పులు వెతుక్కుని కాళ్ళకి తొడుక్కుంది. తర్వాత తలెత్తి చూసింది. ఆమెకి కోపం కూడా లేదు.

"మా ఆయనకి సంతకం గూడా రాదు సామీ. అంత మంది కొండ దిగొచ్చినా ఎవురివి వాళ్ళకే ఇచ్చినాడు. ఒకరివి ఇంకొకరి కాళ్ళకి ఎప్పుడూ పోనీలేదు. ఇంత సదువుకున్యారు, మీకు అది చేతగాలేదే" అంది.

నిస్సార్ ఆమె చెయ్యి పట్టుకుని గేటు దాటించాడు.